రష్యా వాళ్ల కోసం తీసిన ముగింపు

అమ్మ బెంచీ చివర కూర్చుంది, తలుపుకి దగ్గరగా, ఏ క్షణమైనా లేచి వెళ్లిపోవడానికి వీలుగా. తలకు కట్టుకున్న నల్ల గుడ్డ ముడి సడలించలేదు. చేతులు ఒళ్లో ఒకదాని మీద ఒకటి పెట్టుకుని, మిషన్ ఇంట్లో ప్రసంగం వినడానికి కూర్చున్నట్టే కూర్చుంది. రక్షక పడవను బండితో సహా బయట ఇసుకలోకి తోసేసి, అది ఉండే షెడ్డు గోడకి తెల్లటి తెరచాప ఒకటి బిగించారు. కిటికీలకి తారు పూసిన గుడ్డలు కొట్టారు. బయట శనివారం మధ్యాహ్నం, మూడు గంటల ఎండ. లోపల చీకటి, తారు వాసన, తడిసి ఆరిన ఉన్ని వాసన, ఫోగ్ గారి సినిమా యంత్రంలో మండే దీపపు ఘాటు. ఆయన పిడి తిప్పుతుంటే తిరగలి తిప్పుతున్నట్టు చప్పుడు. ఆ చప్పుడులోంచి తెర మీదకి నేను వస్తున్నాను, తాళ్లు భుజాన వేసుకుని, ఇసుక తిన్నె దిగుతూ. వెనకనుంచి ఎవరో, "అదిగో, సిడ్సెల్ పిన్ని కొడుకు!" అన్నారు. "తెలుస్తోందిలే, ఇక్కడే కూర్చున్నాడుగా," అని ఇంకెవరో. అమ్మ తల తిప్పలేదు. పక్కనున్న నన్ను వదిలేసి తెర మీది నన్నే చూస్తోంది, పొరుగూరి వాడెవడో మన వాకిట్లోకి వస్తుంటే చూసినట్టు.

రేపు నా కూతురికి బాప్తిస్మం. పుట్టి ఏడు వారాలైంది. మా వెస్టర్‌క్లిట్‌లో బిడ్డను చర్చి గుమ్మం నుంచి బాప్తిస్మపు తొట్టి దాకా ఎత్తుకెళ్లేది నాయనమ్మ, ఆవిడ బతికుంటే. మా అన్న క్రెన్‌నీ నన్నూ అలాగే ఎత్తుకెళ్లారు. బతికుండీ నాయనమ్మ ముందుకు రాకపోతే ఊళ్లో ఏమనుకుంటారో అందరికీ తెలుసు. ఊరి సంగతి పక్కన పెట్టినా నాకది కావాలి. ఎందుకు కావాలో సరిగ్గా చెప్పలేను, అమ్మ చేతుల మీదుగా వెళ్లని బిడ్డ దేవుడి దగ్గరికి కాస్త ఆలస్యంగా చేరుతుందేమో అన్నట్టు ఒక పిచ్చి భయం. మంగళవారం నా భార్య థోరా, నేను, బిడ్డ కోపెన్‌హాగెన్ నుంచి వచ్చి అన్నెర్స్ మామ ఇంట్లో దిగాం. అమ్మ దగ్గరికి వెళ్లేసరికి ఆవిడ చేపలు బాగుచేస్తోంది. బిడ్డ మీదకి వంగి చాలాసేపు చూసింది. చేతులు మాత్రం వెనక్కి పెట్టుకుంది. థోరా బయటికి వెళ్లాక, కత్తి ఆపకుండా, కోపం లేకుండా అంది: "ముఖంతో అబద్ధమాడి బతుకుతున్నావు లౌస్ట్. ఏడిస్తే ఏడుపు కాదు, చస్తే చావు కాదు. అలాంటివాడి బిడ్డని నా చేతుల మీద దేవుడి ముందుకి ఎలా తీసుకెళ్లమంటావురా?" ఒక్కసారి చూడమ్మా, చూశాక నీ ఇష్టం, అన్నాను. గురువారం అమ్మే వచ్చి అన్నెర్స్ మామ గుమ్మంలో నిలబడి, "చూడకుండా తీర్పు చెప్పడం కూడా తప్పే," అని చెప్పి, లోపలికి రమ్మన్నా రాకుండా వెళ్లిపోయింది. థోరా వాళ్ల అక్క నిన్న రైల్లో దిగింది, తెల్ల చేతితొడుగులు తెచ్చుకుని, అవసరమైతే బిడ్డను తనే ఎత్తుకుంటానని. మంచి మనిషి. ఆ చేతితొడుగులు చూసినప్పటినుంచీ నాకు మనసు మనసులో లేదు.

ఈ బొమ్మను ఎంచుకున్నది నేనే. మా జట్లాండ్ ఊళ్లన్నీ తిరిగి బొమ్మలాడించే ఫోగ్ గారికి నెల కిందటే ఉత్తరం రాశాను. ప్రేమలూ సర్కసులూ కత్తియుద్ధాలూ వద్దనుకున్నాను. ఇందులో నేను రక్షక పడవ మనిషిని. తుఫానులో ఓడ ఒకటి ఇసుక మేట మీద ఇరుక్కుంటుంది, మేము వెళ్తాం, నేను తిరిగి రాను, అందరూ పోయాననుకుంటారు, తెల్లవారుతుండగా తిన్నెల మీదుగా నడుచుకుంటూ ఇంటికి వచ్చి గుమ్మంలోనే తల్లి పక్కన మోకరిస్తాను. ఆ మోకరించే ముక్క కోసమే ఎంచుకున్నాను. అందులో అబద్ధం లేదు. అది తీసిన రోజు నేను నిజంగానే ప్రార్థన చేశాను, ప్రభువు నేర్పిన ప్రార్థన మొదటినుంచి ఆమెన్ దాకా, డైరెక్టరు రాస్‌బెక్ గారు "కానివ్వవయ్యా, ఫిల్ము అయిపోతోంది" అని అరుస్తున్నా ఒక్క మాట మింగలేదు. మరి దాన్ని ఏమనాలి? యంత్రం ముందు చేసినంత మాత్రాన ప్రార్థన ప్రార్థన కాకుండా పోతుందా? చర్చిలో పక్కవాళ్లు చూస్తారని చేసేది మాత్రం ప్రార్థనేనా? నేను పెద్దగా చదువుకున్నవాణ్ణి కాను, ఊరి బడిలో చదివిన నాలుగు ముక్కలే. ఇలాంటివి వస్తే ఎటూ తేల్చుకోలేను. తేల్చుకోలేకే పని చేసుకుంటూ పోయాను.

నటుణ్ణి కావాలని ఊరు వదల్లేదు. వడ్రంగం కోసం వదిలాను, క్రెన్ పోయిన మరుసటి ఏడు, నాకు ఇరవై. కోపెన్‌హాగెన్ శివార్లలో, క్యాబేజీ తోటల పక్కన, బొమ్మలు తీసే కంపెనీవాళ్లు ఒక గాజు ఇల్లు కట్టుకున్నారు. గోడలు గాజు, కప్పు గాజు, శీతాకాలంలో మొక్కలు పెంచే ఇంటిలాగే ఉంటుంది. అందులో నేను అట్టగోడలు నిలబెట్టేవాణ్ణి. సోమవారం దొరవారి భవనమైన గోడ బుధవారానికి జైలు. ఎండ ఉంటేనే పని. మబ్బు పడితే దొరలూ దొంగలూ పక్కపక్కన కూర్చుని ఆకాశంకేసి చూస్తూ పొగ తాగేవాళ్లు. ఒక ఫిబ్రవరిలో వంతెన మీదనుంచి కాలవలోకి దూకాల్సిన నటుడికి జ్వరం వచ్చింది. రాస్‌బెక్ గారు వచ్చి, "ఇక్కడ ఈతొచ్చిన ఏబ్రాసి ఎవడైనా ఉన్నాడా?" అన్నారు. దూకాను. మంచు ముక్కలు తేలుతున్నాయి. మళ్లీ దూకమన్నారు. మూడోసారి దూకి వచ్చాక నా పేరడిగారు. తరవాత ముఖానికి పసుపు రంగు పూసి యంత్రం ముందు నిలబెట్టారు, తీరా చూస్తే కళ్లు లేవు. ఆ ఫిల్ముకి నీలానికీ తెలుపుకీ తేడా తెలియదు. నీలి కళ్లు తెల్లగా పడతాయి, ఉడికిన చేప కళ్లలాగా. "గుడ్డివాడి వేషాలుంటే చూద్దాం," అని పంపించేయబోతే, యంత్రం తిప్పే ముసలాయన ఒక నల్ల మఖమల్ గుడ్డ తెచ్చి తన భుజం పక్కన వేలాడదీశాడు. దాన్ని కాసేపు గుచ్చి చూస్తే కంటి పాప విచ్చుకుని కళ్లు నల్లబడతాయి. అప్పటినుంచీ నా బొమ్మలన్నిటిలో నేను చూసేది ఆ గుడ్డనే. నా చూపులో ఏదో లోతు ఉందని ఆడవాళ్లు ఉత్తరాలు రాస్తారు. ఆ లోతు మూడు మూరల మఖమల్.

తెర మీద గాలి లేస్తోంది. మా ఊరివాళ్లు ఆ గాలిని నమ్మడం లేదు, గడ్డి వంగిన తీరు చూసి అది తూర్పు గాలి అని, తూర్పు గాలికి ఈ తీరాన ఓడ మేట ఎక్కదని గొణుగుతున్నారు. నిజమే. తీసింది అవతలి తీరంలో. నాకు నవ్వొచ్చింది, వెంటనే ఆగిపోయింది, నా బతుకులో ఎక్కువ భాగం తీసింది ఒకచోట, చూసేది ఇంకోచోట అని. నేను పెద్ద వేషాల్లోకి వచ్చింది కూడా రష్యా పుణ్యాన. ఏడుపు లేకుండా లేచిపోతే రష్యా వాళ్లకి బొమ్మ చూసినట్టే ఉండదని కంపెనీ నమ్మకం. అందుకని మన దేశానికీ మిగతావాళ్లకీ ఒక ముగింపు తీసి, భోజనాలయ్యాక రష్యా కోసం ఇంకొకటి తీస్తారు, అందులో పెళ్లి కావలసినవాడు పోతాడు. నాటకశాలల నుంచి వచ్చే పెద్ద నటులు దానికి విసుక్కునేవారు. సాయంత్రం వాళ్లకి రంగస్థలం మీద పని, మధ్యాహ్నం దుమ్ములో పడి దొర్లడం ఇష్టం ఉండదు. నేను దొర్లేవాణ్ణి. ఎన్నిసార్లు చావమంటే అన్నిసార్లు ఓపిగ్గా చచ్చేవాణ్ణి. అలా అలా వేషాలు పెరిగాయి, బతికే ముగింపు కూడా నాకే ఇవ్వడం మొదలుపెట్టారు. పందొమ్మిదిసార్లు పోయాను. నిప్పులో, గుర్రం కింద, సింహం బోనులో, విషం తాగి. విషం తాగేవి రెండు. సాయంత్రం ఇంటికెళ్తే థోరా సూప్ వడ్డిస్తూ అడుగుతుంది, "ఇవాళ ఉన్నారా, పోయారా?" అని. "మధ్యాహ్నం దాకా ఉన్నాను," అంటాను. ఒకసారి రష్యాలోని ఒడెస్సా నుంచి ఒకావిడ ఫ్రెంచిలో ఉత్తరం రాసింది. కంపెనీలో ఫ్రెంచి వచ్చినాయన చదివి చెప్పాడు: మీరు పోయారని తెలిసి మా ఇంటిల్లిపాదీ రెండు రోజులు భోంచెయ్యలేదు, పూలదండ పంపాలి, సమాధి ఏ ఊళ్లో ఉందో రాయండి, అని. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆ రాత్రి థోరాని అడిగాను, ఆవిడ ఏడుపు ఎవరి ఖాతాలోకి పోతుంది, నేను దొంగిలించినట్టా, ఇచ్చినట్టా అని. థోరా, "ఆవిడకి ఇంకెవరో పోయి ఉంటారు. మీకోసం ఎవరేడుస్తారండీ," అంది.

భోజనాల వేళ నేను రొట్టె ముందు చేతులు జోడిస్తే మొదట్లో హాస్యాలాడేవారు. "నీ పసుపు మొహం చూసి దేవుడు పోల్చుకుంటాడా లౌస్ట్?" అనేవాడు సింహాల యజమాని వేషం వేసే లావాటాయన. పోను పోను అందరూ నేను ఆమెన్ అనేదాకా ఆగడం అలవాటు చేసుకున్నారు, ఆ లావాటాయన టోపీ కూడా తీసేవాడు. అయినా ఆయనడిగింది తేలిగ్గా కొట్టేసేది కాదు. మా పేటలోని పాదిరి గారిని అడిగాను, చావనివాడు చచ్చినట్టు కనిపించడం పాపమా అండీ అని. ఆయన కళ్లద్దాలు తుడుచుకుని, "మోసం చెయ్యాలని చేస్తున్నావా?" అన్నారు. లేదన్నాను. "నమ్మాలని చేస్తున్నావా?" అన్నారు. అవునన్నాను. ఆయన ఇంకోసారి తుడుచుకున్నారు. ఇప్పుడు ఈ చీకట్లో అమ్మ పక్కన కూర్చుంటే, ఆ రెండు ప్రశ్నలకీ మధ్యనున్న ఇరుకులోనే ఇన్నేళ్లుగా కాపరం చేస్తున్నానని అనిపిస్తోంది.

రెండో రీలులో సముద్రం వచ్చింది. తీసినచోటు ఏదైనా నీళ్లు నీళ్లే. పడవ లేచి కూలబడుతుంటే ముందు బెంచీలో మగవాళ్ల భుజాలు కూడా దానితో పాటు కదులుతున్నాయి, వాళ్లకి తెలియకుండానే. అమ్మ పెదవులు కదులుతున్నాయి. పదకొండేళ్ల కిందట మార్చిలో క్రెన్ ఎక్కిన పడవ బయటి మేట మీద తిరగబడింది. నలుగురు. ముగ్గురి శవాలు దొరికాయి. క్రెన్ దొరకలేదు. అమ్మ మూడు వారాలు ఉదయం ఒకసారీ సాయంత్రం ఒకసారీ తీరం వెంట ఉత్తరానికి నడిచింది, తరవాత దక్షిణానికి నడిచింది, తరవాత నడవడం మానేసింది. చర్చి దొడ్లో మిగతా ముగ్గురి పక్కనే వాడి పేరూ చెక్కారు, కింద మట్టి తవ్వలేదు. ఈ బొమ్మ ఎంచుకునేటప్పుడు నాకిది గుర్తు రాలేదని కాదు. వచ్చింది. వచ్చే ఎంచుకున్నాను. పోయాడనుకున్న కొడుకు తిన్నె మీదుగా నడిచి రావడం అమ్మ ఒకసారి చూస్తే, తెర మీదైనా సరే చూస్తే, ఏమో, మేలు జరుగుతుందేమో అనుకున్నాను. ఇప్పుడాలోచిస్తే అది కూడా ఒకరకం అబద్ధమేనేమో.

రీలు అయిపోయింది. ఫోగ్ గారు లాంతరు వెలిగించి ఆ రీలు విప్పుకుంటున్నారు. జనం ఒక్కసారిగా దగ్గారు. అన్నెర్స్ మామ ముందు బెంచీ మీదనుంచి వెనక్కి తిరిగాడు. ఆయన రక్షక పడవ నాయకుడు, ఈ షెడ్డు ఇచ్చింది ఆయనే. "ఏరా లౌస్ట్, ఎడంపక్క మూడోవాణ్ణి ఎక్కణ్ణుంచి పట్టుకొచ్చారు? తెడ్డు పట్టుకుని రొట్టెలు తీస్తున్నట్టున్నాడు పొయ్యిలోంచి!"

"అతను నిజంగా రొట్టెల దుకాణంవాడే మామా. అప్పుడప్పుడు వస్తాడు."

"అనుకున్నా! నాలుగోవాడు మంగలివాడు. కాదంటే నా గడ్డం గొరిగించుకుంటా."

ఆడవాళ్లు నవ్వారు. ఆ నవ్వులో, ఎవరికీ వినపడకుండా, తెరకేసే చూస్తూ అమ్మ అంది, "ఆ తాడు ముడి ఎవరు వేశారు?"

"నేనే అమ్మా."

"తెలిసింది. మీ నాన్న వేసే ముడి అది. ఇప్పుడెవరూ వెయ్యడం లేదు."

ఆ నాలుగు మాటలకే రేపు చర్చి గుమ్మంలో అమ్మ చేతులు ముందుకి చాపడం కళ్లకి కట్టింది. ఇంకొక్క రీలు. ఇంకొక్క పావుగంట. నడిచి వస్తాను, మోకరిస్తాను, అమ్మ నా పెదవులు చదువుతుంది, ప్రతి మాటా పోల్చుకుంటుంది. ఫోగ్ గారు మూడో డబ్బా చేతిలోకి తీసుకున్నారు. మూత మీద ఎర్ర పెన్సిలు గీత ఉంది.

మన దేశానికి పోయేవాటి మీద నీలం గీత గీస్తారు, రష్యా వాటి మీద ఎరుపు. మొదటి రెండు రీళ్లూ ఎవరికైనా ఒకటే, మూడోదే వేరు. సర్దేవాళ్లు అరల దగ్గర నిలబడి వంద డబ్బాలు సర్దుతారు, ఒకటి అటుదిటు అయి ఉంటుంది. ఫోగ్ గారికి గీతల సంగతి తెలుసో తెలియదో. కళ్లద్దాలు నుదుటి మీదకి తోసుకుని పాట కూనిరాగం తీస్తూ రీలు ఎక్కిస్తున్నారు. లేచి వెళ్లాలి. మధ్యలో అయిదు బెంచీలు, మోకాళ్లు, కర్రలు, పసిపిల్లలు. వెళ్లి ఏమని చెప్పాలి? ఆపండి, ఇందులో నేను చచ్చిపోతాను అనా? క్రెన్ కోసం మూడు వారాలు వెతికిన ఈ మగవాళ్ల ముందు? అమ్మ చెవి దగ్గరికి వంగి, "గాలాడటం లేదమ్మా, కాసేపు బయటికి పోదాం రా," అన్నాను. "కూర్చో," అంది. "చూడమని లాక్కొచ్చింది నువ్వేగా." "మిగతాది అంత బాగుండదమ్మా." అప్పుడు నా వైపు తిరిగింది, ఈ మధ్యాహ్నమంతటికీ మొదటిసారి. "బాగుండేది మాత్రమే చూసి చెప్పమన్నావా?" లాంతరు ఆరిపోయింది.

విరిగిన తెడ్డు ఒకటి ఇసుకలో. ఇదే రష్యా ముగింపుకి మొదలు. మనదైతే కిటికీలో దీపంతో మొదలవుతుంది. నేను తెరకేసి చూడటం మానేశాను, చూడక్కర్లేదు, ప్రతి అడుగూ నాకు తెలుసు. అమ్మ ముఖం చూస్తున్నాను. ఆ ముఖం మీద వెలుగు పడుతోంది, పోతోంది, దాన్నిబట్టి ఎక్కడిదాకా వచ్చిందో తెలుస్తోంది. ఇప్పుడు మనుషులు నీళ్లలోకి పరిగెత్తుతారు. ఇప్పుడు నలుగురు నన్ను తలుపు చెక్క మీద మోసుకొస్తారు. ఏప్రిల్‌లో తీశాం, గాలి కోస్తోంది, చెక్క తడిగా ఉంది, రొట్టెల దుకాణంవాడు తన మూల పట్టు జారవిడిచి క్షమాపణ చెప్పాడు. రాస్‌బెక్ గారికి కావలసింది తల్లి వచ్చి శవం మీద పడి జుట్టు పీక్కోవడం. తల్లి వేషం వేసిన విన్థర్ గారు పెద్దావిడ, నన్ను పక్కకి పిలిచి, "మీ వైపు నిజంగా ఏం చేస్తారు బాబూ?" అని అడిగింది. చెప్పాను. మా తీరాన జుట్టు పీక్కోరు. తల్లి మోకాళ్ల మీద కూర్చుని ఏప్రన్ లోపలి వైపు, బయటి వైపు కాదు, దానితో కొడుకు ముఖం మీది ఇసుక తుడుస్తుంది. కంటి కొస నుంచి బయటికి తుడుస్తుంది, లోపలికి తుడిస్తే ఇసుక కంట్లో పడుతుందని. పోయినవాడి కంట్లో పడితే ఏమిటని ఎవరూ అడగరు. మిగతా ముగ్గురికీ వాళ్ల తల్లులు అలా చేస్తుంటే అమ్మ పక్కన నిలబడి చూసింది, తన ఏప్రన్ చేత్తో పట్టుకుని. ఆ రోజు ఆ చెక్క మీద పడుకుని, విన్థర్ గారి చెయ్యి నా కళ్ల మీద నడుస్తుంటే, క్రెన్‌కి జరగనిది నాకు జరుగుతోందని అనుకున్నాను. వాడి వంతు నేను కాజేస్తున్నానా, వాడి తరఫున పుచ్చుకుంటున్నానా అనుకున్నాను. అది ఎవరికీ చెప్పలేదు, థోరాకి కూడా.

అమ్మ ముఖం మీద వెలుగు నిలిచింది. అంటే ఇప్పుడు తుడుస్తున్నారు. రాస్‌బెక్ గారు ఆ ముక్కను మామూలుకన్నా ఎక్కువసేపు ఉంచారు. అమ్మ ముందుకి వంగింది. ఏడవడం లేదు. కనురెప్ప వెయ్యడం లేదు. వల అల్లేటప్పుడు తప్పిన కన్ను కోసం వెతికే చూపు. ముందు బెంచీలో అన్నెర్స్ మామ చెయ్యి మెల్లగా పైకి వెళ్లి టోపీ తీసింది. ఆయన పక్కవాడూ తీశాడు. తరవాత ఒక్కొక్కరే, షెడ్డంతా. ఎవరూ ఎవరికీ చెప్పలేదు.

తెర తెల్లబడింది. ఫోగ్ గారు లాంతరు వెలిగించి, టోపీల్లేని తలల వరస చూసి తెల్లబోయి, డబ్బా మూత చూసి నెత్తి కొట్టుకున్నారు. "అయ్యో నా మతి మండా! ఇది రష్యాకి పోవాల్సింది! క్షమించాలి, తప్పు ముగింపు పడింది. అసలుదాంట్లో ఈయన పోడండీ, బతికే వస్తాడు, నిక్షేపంగా ఇంటికొస్తాడు!"

"అలాగా," అంది వెనకనుంచి ఒక ముసలమ్మ. "ఇక్కడే కూర్చున్నాడు కదయ్యా, మేం చూడటం లేదనుకున్నావా?"

నవ్వు రాలేదు ఎవరికీ, కానీ ఊపిరి వచ్చింది. జనం లేచారు. మా బెంచీ పక్కనుంచి పోయేవాళ్లు అమ్మ భుజం మీద చెయ్యి వేసి పోతున్నారు. పదకొండేళ్ల కిందట వెయ్యడానికి వాళ్లకి సందర్భం దొరకని చెయ్యి. అమ్మ కదల్లేదు. అందరూ బయటికి పోయాక, తెరచాప మీదే చూపు ఉంచి అడిగింది.

"ఆ రెండోదాంట్లో ఏమవుతుంది?"

"ఇంటికి నడిచి వస్తాను. ప్రార్థన చేస్తాను."

"అది ఎవరికి?"

"మనకి. డేన్లకి."

"ఇది?"

"రష్యా వాళ్లకి అమ్మా. వాళ్లకి ఇలాగే కావాలని..."

ఆలోచించింది. "వాళ్లకీ సముద్రం ఉండే ఉంటుంది," అంది. మళ్లీ, "మునిగినవాడి కాళ్లకి బూట్లుండవు. ముందు పోయేవి అవే. మీవాళ్లెవరికీ తెలియదా?" అంది. తెలియదన్నాను. నాకు తెలిసి కూడా చెప్పలేదని, బూట్లు విప్పితే చలికి కాళ్లు వణుకుతాయని అలాగే ఉంచుకున్నానని అనలేకపోయాను. రేపటి సంగతి ఇక చెబుతుంది అనుకున్నాను. థోరా వాళ్ల అక్క చేతితొడుగులు గుర్తొచ్చాయి. లేచి నిలబడి సిద్ధంగా ఉండటం మంచిదనిపించి లేచాను.

"నీ పొట్ట కదిలింది," అంది అమ్మ.

నాకు అర్థం కాలేదు.

"ఆవిడ తుడుస్తుంటే. ఇక్కడ, పక్కటెముకల కింద. రెండుసార్లు. రెండోసారి బాగా కదిలింది. ఊపిరి పీల్చుకున్నావు."

రాస్‌బెక్ గారు చూడలేదు. ముక్కలు అతికే ఆడపిల్లలు చూడలేదు. ఇప్పుడు ఈ షెడ్డులో టోపీలు తీసినవాళ్లెవరూ చూడలేదు.

"నేను ఇంకేమీ చూడలేదు," అంది. "దాన్నే చూస్తూ కూర్చున్నా. చిన్నప్పుడూ అంతే, క్రెన్ దొంగనిద్ర పోతే నాకు కూడా తెలిసేది కాదు. నువ్వు ఎంత గట్టిగా కళ్లు మూసుకున్నా పొట్ట ఆడేది. నీకు అబద్ధం చేతకాదురా లౌస్ట్. ఇన్నేళ్లు పట్నంలో ఉండి అదీ నేర్చుకోలేదు."

బెంచీ పట్టుకుని లేచింది. గుమ్మం దగ్గర ఆగి తలగుడ్డ ముడి ఇంకోసారి బిగించుకుంది. బయట రక్షక పడవను మళ్లీ లోపలికి తొయ్యడానికి మగవాళ్లు చక్రాల దగ్గర చేరి, మేం తప్పుకోవడం కోసం ఎదురు చూస్తున్నారు. అమ్మ వాళ్లని దాటి, తన ఇంటివైపు కాకుండా, అన్నెర్స్ మామ ఇంటివైపు తిరిగింది. నేను పరుగులాంటి నడకతో వెనక పడ్డాను.

"ఎంత బరువుంటుంది పిల్ల?" అంది, వెనక్కి తిరక్కుండా.

"తొమ్మిది పౌన్లు, అమ్మా."

"క్రెన్ పదకొండు ఉండేవాడు," అంది. "పద. ఇవాళ ఒకసారి ఎత్తుకుని నడిచి చూస్తాను. తొట్టి దాకా చాలా దూరం, మధ్యలో దింపకూడదు."